మాధవధార కొండ మీద కొమ్ముల మొక్క

విశాఖపట్నంలో బోటనీ చదివినవాళ్ళని ఎవరినైనా కదిపి చూడండి, సముద్రపు నాచు గురించి గంటసేపు చెబుతారు. డెబ్బైల చివర్లో నేను ఎమ్మెస్సీ చదివేటప్పుడు రెండో ఏడాది ప్రాజెక్టు అంటే అందరూ బీచికే పరుగు. పోటు తగ్గగానే బండలెక్కడం, నాచు గీకి సీసాల్లో నింపుకోవడం, ఎండలో మాడి ఇంటికి రావడం. గుమ్మం ముందే సముద్రం ఉండగా ఇంకెక్కడికో పోవడమెందుకని మా గైడు మాస్టారి వాదన. నాకేమో లివర్‌వర్ట్‌ల మీదా హార్న్‌వర్ట్‌ల మీదా మనసు పడింది. మన చుట్టుపక్కల కొండల్లో అవి ఎన్ని రకాలున్నాయో వెతకాలి, గుర్తుపట్టాలి, పేర్లు రాయాలి, ఇదీ నా కోరిక. ఆ కోరికే ఒక ఆదివారం పొద్దున్న నన్ను మాధవధార కొండెక్కించింది. అదే దారిలో వెళ్ళాలనుకునేవాళ్ళకి పనికొస్తుందని ఇన్నేళ్ళకి రాస్తున్నాను. మధ్యలో కాస్త గొప్పలు కూడా చెప్పుకుంటాను, భరించాలి.

ఈ మొక్కల గురించి తెలియనివాళ్ళకి రెండు ముక్కలు. వీటికి పువ్వులుండవు, గింజలుండవు, అసలైన వేళ్ళు కూడా ఉండవు. తడి నేలకి, రాళ్ళకి అతుక్కుని పచ్చటి పొరలా పెరుగుతాయి. జనం పాచి అనేసి తొక్కుకుంటూ పోతారు. అందులో హార్న్‌వర్ట్ అనేదానికి మాత్రం ఆ పొర మీంచి సన్నటి కొమ్ములు నిటారుగా లేస్తాయి. ఆ కొమ్ము లోపల పొడిలాంటి సిద్ధబీజాలు పండుతాయి. మామూలుగా ఆ పొడి నల్లగా ఉంటే ఆంథోసెరాస్, పసుపుగా ఉంటే ఫియోసెరాస్. కొమ్ము లేని మొక్కని పట్టుకొచ్చి ఇది ఫలానా అని చెబితే పరీక్షకుడు నవ్విపోతాడు.

మా లాబ్‌లో హార్న్‌వర్ట్‌లు ఉండేవి గానీ అవన్నీ ఉత్తరాది కొండల నుంచి ఫార్మలిన్ సీసాల్లో వచ్చినవి. గోధుమరంగుకి తిరిగిపోయి, ముడుచుకుపోయి, టీ గుడ్డలో మిగిలిన పిప్పిలా ఉండేవి. మా మాస్టారు కృష్ణా జిల్లా నుంచి వచ్చి ఇక్కడ స్థిరపడిన మనిషి, మంచి పాఠం చెబుతారు, మాట మాత్రం కత్తిరించినట్టు ఉంటుంది. నా టాపిక్ వినగానే కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టారు. "ఒక పక్క ఓడరేవు ధూళి, ఇంకో పక్క ఫ్యాక్టరీల పొగ. పైనుంచి ఈ ఎండలు. ఈ ఊళ్ళో హార్న్‌వర్ట్ ఏంటమ్మా?" అన్నారు. ఉంటుందన్నాను నేను. ఆయన "సరే, సోమవారం పొద్దున్నకి ఒక్క మొక్క తీసుకురా. కొమ్ము దాని మీద నిలబడి ఉండాలి, లోపల బీజాలు పండి ఉండాలి. తెస్తే టాపిక్ నీది. లేదంటే మంగళవారం నుంచి అందరితో పాటు బీచికి" అని తేల్చేశారు. నాకు రోషం తన్నుకొచ్చింది. నేను పుట్టి పెరిగిన ఊరిని ఎవరైనా తీసిపారేస్తే నాకు అప్పుడూ పడదు, ఇప్పుడూ పడదు.

మాది వన్‌టౌన్. మా అబ్బాది, అంటే నాన్నది, కురుపాం మార్కెట్ దగ్గర చిన్న వాచీ రిపేరు కొట్టు. పోర్టులోనూ షిప్‌యార్డులోనూ షిఫ్టులకి పరిగెత్తేవాళ్ళందరికీ వాచీ ఆగిపోతే ప్రాణం ఆగినట్టే కాబట్టి అబ్బాకి చేతినిండా పని. అందులోనూ ఆదివారం బేరం ఎక్కువ. అయినా నన్ను ఒక్కదాన్నీ కొండకి పంపడానికి అమ్మీ ఒప్పుకోకపోయేసరికి, "నాను ఎల్తాన్లే. ఒక్క ఆదోరం కొట్టు తియ్యకపోతే పోర్టు మునిగిపోదు" అని ఆయనే బయల్దేరారు. ఒక గొడుగు, ఒక టిఫిన్ కేరియరు నిండా రొట్టెలూ గుడ్డు కూరా, నా చాకు, నా కాగితాలు. అబ్బా మాత్రం తన సరంజామా కూడా జేబులో వేసుకున్నారు, అంటే కంటికి బిగించుకునే చిన్న భూతద్దం, సన్నటి మొన ఉన్న పట్టకారు. నీ చదువుకి పనికొస్తాయేమో అన్నారు. లాబ్ నుంచి లెన్సు ఇంటికి ఇవ్వరు కాబట్టి నాకు ఆ భూతద్దం దేవుడిచ్చిన వరమే అనుకున్నాను.

పాత పోస్టాఫీసు దగ్గర తెల్లవారాక మొదటి సిటీ బస్సు పట్టుకున్నాం. కంచరపాలెం మీదుగా ఎన్‌ఏడీ కొత్తరోడ్డు దాకా టికెట్టు పైసల్లోనే ఉండేది, ముప్పావుగంట పట్టేది. కండక్టరు అబ్బాని గుర్తుపట్టి, టికెట్లు కొట్టడం ఆపి మరీ పలకరించాడు. "ఏటి బావా, కొట్టు కట్టీసి పొద్దున్నే ఎక్కడికెల్తన్నావు?" అన్నాడు. "మా అమ్మాయి సదువుకి కొండ మీద పాచి కావాలట" అన్నారు అబ్బా. "పాచా! మా నూతికాడ బోల్డుంది బావా, నిన్న సెప్తే తట్టడు తెచ్చీవోణ్ణి కదా!" బస్సంతా నవ్వింది. నేను కిటికీలోంచి బయటకి చూస్తూ కూర్చున్నాను. అబ్బా మాత్రం తొణక్కుండా, "అలాంటిది కాదు బావా, దీనికి కొమ్ములుంటాయట" అన్నారు. దాంతో నవ్వు ఇంకాస్త పెరిగింది.

కొత్తరోడ్డు నుంచి మాధవధారకి అప్పట్లో నడకే. ఇప్పుడు అటంతా ఇళ్ళు లేచిపోయాయి, ఆటోలో పది నిమిషాల్లో దింపేస్తారు. ఆ రోజుల్లో జీడితోటల పక్కనుంచి బురదలో నడవాల్సి వచ్చేది. నాకు ఆ బురదే కావాలి. ముందురోజు పడిన వానకి గట్ల మీద రిక్సియా చిన్నచిన్న పచ్చటి చక్రాల్లా విచ్చుకుని ఉంది. అది తొలి లివర్‌వర్ట్. కొండ మెట్లు మొదలైన దగ్గర, నీళ్ళు జారే రాయి మీద ప్లాజియోకాస్మా పట్టీల్లా పాకి ఉంది. తిరగేసి చూస్తే అడుగున ఊదారంగు పొలుసులు. ఇంకాస్త పైన, బండ కింద వెలుతురు సరిగా పడని చోట సయాథోడియం కనిపించింది. పల్చటి ఆకుపచ్చ, ఒక వైపు నుంచి చూస్తే బంగారు ఛాయతో మెరుస్తుంది. అబ్బా వంగి చూసి, "రేడియం ముళ్ళ వాచీ డయల్ లాగుంది బేటీ" అన్నారు. అర కోసు నడిచామో లేదో మూడు రకాలు దొరికాయి. పొగ ఊరు, ధూళి ఊరు అన్న మాస్టారు పక్కన ఉంటే బాగుండునని ఎంత అనిపించిందో.

అబ్బా కొండ మీంచి పడే ధార దగ్గర కాళ్ళూ చేతులూ కడుక్కుని ఒక చదునైన రాయి మీద కూర్చున్నారు. నేను ధార పక్కన గట్టు వెంబడి చెట్ల నీడలో వెతుకుతూ వెళ్ళాను. అక్కడ తడిమట్టి మీద ముదురాకుపచ్చ పొర ఒకటి కనబడింది, నూనె రాసినట్టు నిగనిగలాడుతోంది. మధ్యలో ఈనె లేదు. భూతద్దం పెట్టి చూస్తే పొర లోపల నీలిరంగు చుక్కలు, హార్న్‌వర్ట్ తనలో ఉండనిచ్చే నాస్టాక్ అనే సూక్ష్మజీవి ముద్దలవి. దాని మీద అంగుళం పొడవున కొమ్ములు, ఒక పదిపన్నెండు ఉంటాయి, కొసలు పసుపురంగుకి తిరుగుతున్నాయి. నేను గట్టిగా "అబ్బా!" అని అరిచాను. ఆయన పాము కరిచిందనుకుని గొడుగు పట్టుకుని పరుగెత్తుకొచ్చారు.

పెద్ద పొరంతా పెకలించడం మా చదువులో తప్పు. అరచేతిలో పట్టేంత ముక్క ఒకటి చాకుతో కోసి, ఖాళీ చేసిన కేరియరు చిన్న గిన్నెలో పెట్టి అబ్బా చేతికిచ్చాను. చుట్టుపక్కల ఇంకెక్కడైనా ఉందేమో చూసొస్తానని ఇంకాస్త ఎగువకి వెళ్ళాను. తిరిగొచ్చేసరికి గిన్నె మూత పెట్టి, గుడ్డ చుట్టి, ముడేసి ఉంది. అంత భద్రంగా కట్టినందుకు నాకు ముచ్చటేసింది కూడా. అవతల సింహాచలం వైపు దిగి బస్సెక్కుదామని అక్కణ్ణుంచి కొండ మీదకి నడిచాం. గట్టెక్కాక ఒక పక్క ఓడరేవు క్రేన్లు, డాల్ఫిన్స్ నోస్, సముద్రం, ఇంకో పక్క గాజువాక అవతల స్టీల్ ప్లాంటు కోసం చదును చేస్తున్న నేల ఎర్రగా కనబడ్డాయి. "అది వస్తే ఎన్ని షిఫ్టులో అన్ని వాచీలు" అని అబ్బా సంబరపడ్డారు. మా ఇద్దరికీ ఆ పూట లోకమంతా మాదేననిపించింది.

సింహాచలం వైపు దిగే దారి మొదట్లో అనాసపళ్ళు అమ్మే అప్పలనర్సమ్మ అనే ఆవిడ తాటాకు పందిరి వేసుకుని ఉంది. ఆవిడ పండు చెక్కి, ఉప్పూ కారం చల్లి ఇచ్చి, "కొండకొచ్చినోల్లు సామిని సూత్తారు, సంపెంగలు కొంటారు. మీరేటి తల్లీ, బురద మూట కట్టుకు తిరగతన్నారు?" అంది. అది బురద కాదు పిన్నీ, చూపిస్తానుండు అని నేను గొప్పగా గుడ్డ విప్పి మూత తీశాను. లోపల పచ్చటి పొర శుభ్రంగా ఉంది, మట్టి రేణువు లేదు, పుల్ల లేదు. కొమ్ములూ లేవు. ఒక్కటంటే ఒక్కటి లేదు. కొమ్ములుండాల్సిన చోట చిన్నచిన్న గుంతలు మాత్రం మిగిలాయి.

అబ్బా నా ముఖం చూసి, "ఏటైనాది బేటీ?" అన్నారు. కొమ్ములేవి అన్నాను. "కొమ్ములేటి? అందులో గడ్డి మొలకలు పడిపోయుంటే ఏరీసేను. మట్టి కూడా దులిపీసేను. శుభ్రం సెయ్యకుండా పని ఎవరికైనా అప్పసెప్తామేటి?" అన్నారు, అమాయకంగా. ఆయన అలవాటు అది. వాచీ మూత తియ్యగానే పట్టకారుతో దుమ్ము, నూలుపోగు, వెంట్రుక అన్నీ ఏరితేగాని ముందుకెళ్ళరు. కొమ్ము అనగానే ఆయనకి ఆవు కొమ్ములాంటిదేదో మనసులో ఉంది, ఈ పచ్చటి పోచలు కొమ్ములని నేను ఆయనకి చూపించనేలేదు. "అవే కొమ్ములు అబ్బా" అని ఆ ఖాళీ గుంతలు చూపించాను. అప్పలనర్సమ్మ నోటి మీద చెయ్యేసుకుని, "ఓలమ్మో, ఇంతకోసమా ఇంత దూరం వచ్చేరు!" అంది. ఎల్లుండి మంగళవారం నాకు కళ్ళముందు కనబడింది, బండల మీద నాచు గీకుతూ.

అప్పుడు అబ్బా చొక్కా జేబులోంచి గుండ్రటి చిన్న రేకు డబ్బా తీశారు. "వాచీలోంచి తీసింది ఏదైనా సరే, వాచీ తిరిగేదాకా పారెయ్యకూడదు. మా ఉస్తాదు దగ్గర నేర్చుకున్న మొదటి పని అదే" అంటూ మూత తీసి నా ముందు పెట్టారు. కొమ్ములన్నీ అందులో వరసగా, పొడవుని బట్టి పేర్చి ఉన్నాయి. జేబులో వేడికి ఆరి కొన్ని కొసనుంచి రెండుగా చీలిపోయాయి, చీలిన పాయలు మెలితిరిగాయి. డబ్బా అడుగున పొడి రాలింది. భూతద్దం కంటికి బిగించి చూశాను. పసుపు. అనుమానమే లేదు, పసుపు. ఫియోసెరాస్! తడిగా ఉండుంటే ఇంత త్వరగా చీలేవి కావు, నేను ఇంటికెళ్ళి సూదితో గుచ్చి చూసుకోవాల్సి వచ్చేది. సంతోషంతో అబ్బా చెయ్యి పట్టుకుని ఊపేశాను. వెంటనే మాస్టారి మాట గుర్తొచ్చింది, కొమ్ము మొక్క మీద నిలబడి ఉండాలి. ఊడదీసిన కొమ్ములు డబ్బాలో తీసుకెళ్తే ఆయన చచ్చినా ఒప్పుకోరు.

నేను ఏమీ అనకముందే అబ్బా లేచి పంచె ఎగ్గట్టుకున్నారు. "పద, మళ్ళీ కిందకి ఎల్దాం. అక్కడ ఇంకా ఉన్నాదన్నావు కదా." ఆయనకి మోకాలు నొప్పి, ఎక్కడం కంటే దిగడమే కష్టం. సింహాచలం వైపు దిగితే సుఖంగా మెట్లు, కిందే బస్సు. వద్దులే అబ్బా అని నోటిదాకా వచ్చింది గానీ అనలేకపోయాను, నాకు ఆ మొక్క అంత కావాలి. అప్పలనర్సమ్మ మాకు మిగిలిన రొట్టెలు పొట్లం కట్టి, కేరియరు గిన్నెలన్నీ కడిగి ఇచ్చింది. "ఈ తూరి సాయిబు గారి సేతికి ఇవ్వకమ్మా!" అని వెనకనుంచి కేకేసింది కూడా. అబ్బా వెనక్కి తిరిగి నవ్వుతూ చెయ్యి ఊపారు.

మేం ధార దగ్గరికి చేరేసరికి మబ్బు కమ్మి జల్లు మొదలైంది. ఈసారి నేను చాకు లోతుగా దింపి, మట్టిగడ్డతో సహా మొక్కని లేపాను. అబ్బా గొడుగు విప్పి పట్టుకున్నారు, నా మీద కాదు, మొక్క మీద. వాన చినుకు తగిలి కొమ్ము విరిగిపోతుందేమోనని ఆయన భయం. ఆయన తడిసిపోయారు, నేను తడిసిపోయాను, కేరియరు పెద్ద గిన్నెలో ఫియోసెరాస్ మాత్రం కొమ్ములు నిక్కబొడుచుకుని నవాబులా కూర్చుంది. తిరుగు బస్సు కిటకిటలాడుతోంది. అబ్బా ఆ గిన్నెని రెండు చేతులతో ఛాతీకి ఆనించుకుని కొత్తరోడ్డు నుంచి పాత పోస్టాఫీసు దాకా నిలబడే వచ్చారు. ఎవరో సీటిస్తామన్నా కూర్చోలేదు. "ఏటి భాయ్, సాంబారేటి అందులో?" అని ఒకాయన అడిగితే, "మన ఊరి మొక్క. ఉండదన్నారు, మా అమ్మాయి తెచ్చింది" అని బస్సులో సగం మందికి వినబడేలా చెప్పారు. పొద్దున్న నవ్విన బస్సు కాదుగానీ, నాకు మాత్రం అదే బస్సుకి జవాబు చెప్పినట్టనిపించింది.

సోమవారం పొద్దున్న గిన్నె మాస్టారి బల్ల మీద పెట్టి మూత తీశాను. ఆయన కళ్ళజోడు సర్దుకుని వంగారు. తర్వాత కొమ్ముని వేలికొసతో అతి మెల్లగా తాకి, "ఎన్నేళ్ళుగానో పాఠం చెబుతున్నానమ్మా. ఇది ఇంత పచ్చగా ఉంటుందని ఇవాళే చూశాను" అన్నారు. ఆ మాట ఒప్పుకోవడానికి ఆయనకి ఏమీ మొహమాటం కలగలేదు, అందుకే ఆయనంటే నాకు ఇప్పటికీ గౌరవం. తర్వాత నేను తెచ్చిన అబ్బా రేకు డబ్బాలోని పొడిని మాస్టారు సూక్ష్మదర్శిని కింద పెట్టి చూసి తలూపారు. మొక్కలో ఒక ముక్కని ఎండబెట్టి అట్టకి అంటించాక దానికి చీటీ రాయమన్నారు. మొక్క పేరు రాశాను. దొరికిన చోటు, మాధవధార, విశాఖపట్నం అని రాశాను. ఎండిన మొక్కలు దాచే మా డిపార్ట్‌మెంటు బీరువాలో ఆ ఊరి పేరున్న తొలి హార్న్‌వర్ట్ అదే. సేకరించినవారు అన్నచోట ముందు అబ్బా పేరు, తర్వాత నా పేరు రాశాను. మాస్టారు చదివి, "ఈయన ఏ డిపార్ట్‌మెంటు?" అని అడిగారు. వాచీల డిపార్ట్‌మెంటు సార్, అన్నాను.

ఆ తర్వాత నేను ఇదే ఊళ్ళో ఉద్యోగమంతా పాఠాలు చెప్పాను. అనంతగిరి, అరకు, సింహాచలం కొండలన్నీ పిల్లలతో తిరిగాను. మా కొండల లివర్‌వర్ట్‌ల మీద నేను రాసినదాన్ని దూరాల నుంచి అడిగి తెప్పించుకున్నారు. అన్నిటికంటే నాకు గర్వంగా అనిపించేది మాత్రం ఆ చీటీయే. అబ్బా బతికున్నంతకాలం కొట్టుకి వచ్చే ప్రతివాడికీ ఈ కథ చెప్పేవారు. చెప్పిన ప్రతిసారీ తను కొమ్ములు పీకేసిన సంగతి ముందు చెప్పి, వాళ్ళు నవ్వాక, తన పేరు యూనివర్సిటీ బీరువాలో ఉందని చెప్పేవారు. పొగ గొట్టాలూ క్రేన్లూ చూసి ఈ ఊరిని ఇనుము ఊరు అనుకునేవాళ్ళకి నేను చెప్పేది ఒక్కటే, ఇదే ఊళ్ళో, బస్సు దిగి నడిచేంత దూరంలో, పువ్వులు పుట్టకముందు కాలం నాటి మొక్క ఇప్పటికీ కొమ్ములెత్తుకుని నిలబడుతోంది.

వెళ్ళేవాళ్ళకి ఒక్క సలహా. ఆగస్టు నుంచి అక్టోబరు లోపల, ఒకటి రెండు వానలు పడ్డాక పొద్దున్నే వెళ్ళండి, జారని చెప్పులు వేసుకోండి. ధార పక్క నీడలో పచ్చటి పొర మీద గడ్డి పోచలు కనబడితే మొదలు దగ్గర చూడండి. గడ్డి అయితే మట్టిలోంచి వస్తుంది, కొమ్ము అయితే ఆ పొరలోంచే, చిన్న మెడపట్టీ కట్టుకుని లేస్తుంది. మాకు ఆ రోజుల్లో చదువు కోసం తెచ్చుకోక తప్పలేదు. మీ చేతుల్లో ఇప్పుడు ఫోన్లున్నాయి, ఫొటో తీసుకోండి. మోకాళ్ళ మీద కూర్చుని చూడండి, కావలసినంతసేపు చూడండి, పీకకండి.